‘గెట్’ (యూదుల విడాకుల కాగితం) సంగతి కూడా రాయాల్సింది
యూదు ధర్మశాస్త్రంలో మానవ హక్కులు ఎప్పట్నుంచో ఉన్నాయని మీ వ్యాసంలో రాశారు, సరే, పరదేశిని బాధపెట్టొద్దు, మీరూ ఈజిప్టులో పరదేశులేగా అని యూదుల పవిత్ర గ్రంథం తోరాలోనే ఉంది, కాదనను. మరి ఆడవాళ్ల విడాకుల మాటేంటండీ? ఇజ్రాయెల్లో 1953 చట్టం ప్రకారం యూదుల విడాకులు రబ్బీల (మతగురువుల) కోర్టులోనే తేలాలి, మొగుడు ఇష్టపడి ‘గెట్’ కాగితం పెళ్లాం చేతిలో పెట్టాలి, పెట్టకపోతే ఆమె ‘అగునా’, అంటే మళ్లీ పెళ్లి చేసుకోలేకుండా కట్టేసిన మనిషి అన్నమాట. 1995లో ఇంకో చట్టం తెచ్చి గెట్ ఇవ్వని మొగుళ్ల డ్రైవింగ్ లైసెన్స్ ఆపొచ్చు, జైల్లో పెట్టొచ్చు అన్నారు, అయినా కొందరు జైల్లో కూర్చుంటారు గానీ గెట్ ఇవ్వరు (ఏం పంతమో!). 1991లో ఐరాస మహిళా హక్కుల ఒప్పందం ఒప్పుకుంటూనే పెళ్లి గురించిన 16వ ఆర్టికల్ దగ్గర ఇజ్రాయెల్ మెలిక పెట్టింది. నవ్వకండి, 1993లో ఆ ఒప్పందం ఒప్పుకుంటూ మన ఇండియా వాళ్లు కూడా అదే ఆర్టికల్ దగ్గర మెలిక పెట్టారు.