పతనమట!

నిన్న రాత్రి యూసుఫ్‌గూడలో మా అక్క వాళ్లింట్లో భోజనాలయ్యాక మా బావగారు ఫోనులో ఒకప్పటి హాలీవుడ్ బాలనటుడు జాకీ కూగన్ ఫొటోలు రెండు చూపించి, "అంత ముద్దొచ్చే పిల్లాడు చివరికి ఇలా అయ్యాడు, పాపం, ఎంత పతనం!" అని నిట్టూర్చినప్పటి నుంచి నాకు ఒళ్లు మండుతూనే ఉంది. మొదటి ఫొటోలో 1921 నాటి 'ది కిడ్' సినిమాలో చాప్లిన్‌ను కరచుకుని ఉన్న చిన్నారి ఉన్నాడు. రెండోదానిలో 1964లో మొదలైన 'ది ఆడమ్స్ ఫ్యామిలీ' అనే అమెరికా టీవీ సీరియల్‌లో నున్నటి గుండుతో, నోట్లో బల్బు పెట్టుకుని వెలిగించే అంకుల్ ఫెస్టర్ వేషంలో అదే కూగన్ ఉన్నాడు. యాభై ఏళ్లు దగ్గరపడిన మనిషి ఇంకా చాప్లిన్ చంక దిగకూడదని ఆయనగారి కోరిక కాబోలు.

చిన్నప్పటి ముఖం చెల్లని కాలంలో మరో ముఖం తయారు చేసుకుని, 64 భాగాల పాటు జనాన్ని నవ్వించిన నటుడిది నా దృష్టిలో పతనం కాదు, పనితనం. మన కృష్ణానగర్‌లోనూ ఒకప్పటి బాలనటుడు సీరియల్‌లో మేనమామ వేషం వేస్తే "సీరియళ్లకు దిగాడు" అని చప్పరించేస్తారు. అనేవాళ్లే రాత్రి ఏడున్నరకు ఆ మేనమామ కోసం అన్నం కంచాలతో టీవీ ముందు కూర్చుంటారు.

కూగన్ నిజంగా కూలింది గుండు కొట్టించుకున్నప్పుడు కాదు. 1935లో తండ్రి కారు ప్రమాదంలో పోయాక, తాను పసితనంలో సంపాదించిన మూడు నాలుగు మిలియన్ల డాలర్లలో చాలా భాగం ఖర్చయిపోయిందని తెలిసినప్పుడు కూలాడు. మైనరు సంపాదన తల్లిదండ్రులదేనని అప్పటి చట్టం చెబుతుండగా, 1938లో అతను సొంత తల్లి మీదా సవతి తండ్రి మీదా దావా వేయవలసి వచ్చింది, చివరికి చేతికొచ్చింది 1,26,000 డాలర్లు. ఆ రచ్చ ఫలితంగానే 1939లో కాలిఫోర్నియాలో బాలనటుల సంపాదనలో కొంత దాచిపెట్టాలనే చట్టం వచ్చింది. ఇంత కథ వదిలేసి మా బావగారికి కనిపించింది గుండు!

మన దేశంలోనూ 2017 నాటి నిబంధనల ప్రకారం ప్రకటనల్లో నటించే పిల్లల చేత రోజుకు ఐదు గంటలకు మించి పని చేయించకూడదు, వాళ్ల ఆదాయంలో కనీసం 20 శాతం జాతీయం చేసిన బ్యాంకులో వాళ్ల పేరునే ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. ఈ మాట ఎందుకు ఎత్తానో మా అక్కకు వెంటనే అర్థమైంది. నిరుడు మా మేనకోడలు ఒక నగల దుకాణం ప్రకటన కోసం బడి మానేసి, రాత్రి పదింటి వరకు లైట్ల ముందు నిలబడింది. ఆ నెలలోనే బావగారికి కొత్త మోటారు సైకిలు వచ్చింది. పిల్ల పేరున ఉన్న డిపాజిట్ కాగితం ఒకసారి చూపించండి బావగారూ అని అడిగితే, ఆయన రిమోట్ అందుకుని సీరియల్ సౌండు పెంచారు.