'బబుల్స్' సబ్బు కోసం వేసిన బొమ్మ కాదు

పాత పియర్స్ సబ్బు ప్రకటన ఒకటి వాట్సాప్‌లో మళ్లీ మళ్లీ తిరుగుతోంది. ఆకుపచ్చ వెల్వెట్ బట్టల్లో ఓ చిన్న పిల్లాడు, తల పైకెత్తి, తను ఊదిన బుడగనే చూస్తుంటాడు. దాంతో వచ్చే కథ దాదాపు ఎప్పుడూ ఒకటే: పంతొమ్మిదో శతాబ్దపు బ్రిటిష్ చిత్రకారుడు జాన్ ఎవరెట్ మిల్లే యవ్వనంలో అకాడమీ పద్ధతుల మీద తిరుగుబాటు చేసినవాడు, తర్వాత డబ్బుకు ఆశపడి సబ్బు కంపెనీకి ఈ బొమ్మ వేసిచ్చాడు, ఆపైన ముద్దొచ్చే పిల్లల్ని గీస్తూ కాలం గడిపాడు. ఈ కథ నాకు నిజంగా బాధ కలిగిస్తుంది.

సబ్బు కంపెనీ బొమ్మ వేయమని అడగనే లేదు. 1886లో మిల్లే తన మనవడు విలీని కూర్చోబెట్టి ఈ బొమ్మ వేశాడు. పెట్టిన పేరు 'ఎ చైల్డ్స్ వరల్డ్', అంటే పసివాడి లోకం; 'బబుల్స్' (బుడగలు) అన్నది తర్వాత వచ్చిన పేరు. లండన్‌లోని గ్రోవనర్ గ్యాలరీలో ప్రదర్శించాక, ఒక సచిత్ర వారపత్రిక యజమాని విలియం ఇంగ్రమ్ కొన్నాడు. ఆయన దగ్గర్నుంచి పియర్స్ కంపెనీ తరఫున థామస్ బారట్ 2,200 పౌండ్లకు కొన్నాడు. బొమ్మతో పాటు కాపీరైట్ కూడా చేతులు మారింది కాబట్టి, సబ్బు బిళ్ల చేర్చి అచ్చువేస్తామంటే ఆపే హక్కు మిల్లేకి లేదు. ఇదే నింద 1895లో రచయిత్రి మారీ కొరెల్లి తన నవలలో వేస్తే, మిల్లేనే ఆమెకు ఉత్తరం రాసి అసలు సంగతి చెప్పుకోవాల్సి వచ్చింది.

సబ్బు బిళ్లను కాసేపు మర్చిపోయి బొమ్మను చూడండి. పిల్లాడికి ఒక పక్క కుండీలో మొక్క ఎదుగుతోంది. ఇంకో పక్క పగిలిన కుండీ పడి ఉంది. మధ్యలో ఇంకో క్షణానికి పగిలిపోయే బుడగ. జీవితం బుద్బుదప్రాయం అని మన పెద్దలు అనే మాటే ఇక్కడ రంగుల్లో ఉంది. యూరప్ చిత్రకారులు అంతకు రెండు మూడు వందల ఏళ్ల ముందు నుంచే మృత్యువును గుర్తుచేయడానికి బుడగలు వేస్తున్నారు. మనవడి ముఖం పక్కన ఓ తాత ఇది పెట్టాడంటే, నాకు ముద్దు కన్నా దిగులే ఎక్కువ కనిపిస్తుంది.

పిల్లలు, పెంపుడు జంతువులు డబ్బు కోసం తర్వాత వచ్చారనడమూ తప్పే. 1853 నాటి 'ది ఆర్డర్ ఆఫ్ రిలీజ్'లో, అంటే ఆయన తిరుగుబాటు రోజుల్లోనే, చెర నుంచి బయటికొచ్చిన సైనికుడు భార్య భుజం మీద వాలిపోతాడు. ఆమె చేతుల్లో బిడ్డ నిద్రపోతుంటే, కుక్క ఎగిరి వాళ్ల మీదికి వస్తుంది. 1870 నాటి 'ఎ ఫ్లడ్'లో వరదనీటిలో ఊయలతొట్టి కొట్టుకుపోతుంటుంది, అందులో పసిబిడ్డ, తోడుగా నల్ల పిల్లి.

డబ్బు మాట నిజమే, కాదనను. ఎనిమిది మంది పిల్లల తండ్రి, పోర్ట్రెయిట్లకు గట్టిగానే తీసుకున్నాడు. 'చెర్రీ రైప్' అనే పాప బొమ్మ ప్రింట్లు 1880లో లక్షల్లో అమ్ముడయ్యాయి. కానీ చివరిదాకా ముద్దు బొమ్మలేనా? 'చిల్ అక్టోబర్' చూడండి: స్కాట్లాండ్‌లో గాలికి వంగిన రెల్లు, బూడిదరంగు నీళ్లు, మనిషి జాడ లేదు. వాన్ గో తన ఉత్తరాల్లో తలచుకున్న బొమ్మ అది.

బుడగ ఊదిన విలీ పెద్దయ్యాక బ్రిటిష్ నౌకాదళంలో అడ్మిరల్ అయ్యాడు. అప్పుడు కూడా తోటివాళ్లు ఆయన్ని 'బబుల్స్' అనే పిలిచేవారు.