సవరణ: ఫ్లోరైడ్ నీళ్లు కాచినా ఫ్లోరైడ్ పోదు

నల్గొండ ఫ్లోరోసిస్ (నీళ్లలో ఫ్లోరైడ్ ఎక్కువై పళ్లు, ఎముకలు దెబ్బతినే జబ్బు) మీద మొన్న పెట్టిన పోస్టులో "బోరు నీళ్లు బాగా కాచి చల్లార్చి తాగితే ఫ్లోరైడ్ పోతుంది" అని రాశాను. అది తప్పు. ఆ పోస్టు ఫార్వర్డ్ చేసినవాళ్లు దయచేసి దీన్ని కూడా పంపండి.

కాస్తే చచ్చేది క్రిములు. ఫ్లోరైడ్ నీళ్లలో కరిగి ఉంటుంది, ఆవిరిగా పోయేది నీరు మాత్రమే. రెండు లీటర్లు మరిగి లీటరున్నర అయితే, మొత్తం ఫ్లోరైడ్ ఆ లీటరున్నరలోనే మిగులుతుంది. అంటే గాఢత ఇంకా పెరుగుతుంది. బట్టతో వడగట్టినా, క్లోరిన్ బిళ్ల వేసినా కూడా ఫ్లోరైడ్ పోదు.

తాగునీటికి భారతీయ ప్రమాణాల సంస్థ పెట్టిన హద్దు లీటరుకు 1 మిల్లీగ్రాము. వేరే నీళ్లు దొరకని చోట 1.5 వరకు. అంతకు మించితే పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడర్ కలిపి తేర్చే పద్ధతి ఉంది. నాగపూర్‌లోని నీరి (జాతీయ పర్యావరణ ఇంజనీరింగ్ పరిశోధన సంస్థ) రూపొందించిన దీని పేరే నల్గొండ టెక్నిక్. పటిక మోతాదు మాత్రం నీళ్లు పరీక్ష చేయించాకే తేలుతుంది, అందాజాగా వేయకండి. ఆర్‌ఓ కూడా ఫ్లోరైడ్‌ను చాలావరకు తగ్గిస్తుంది. ఈ వివరాలు తాగునీటి ప్రమాణాలు, ఫ్లోరోసిస్ నివారణ మార్గదర్శకాల్లోవి.

"జనం నీళ్లు కాచుకోకపోవడం వల్లే ఈ జబ్బు" అని నా పోస్టు చదివి కొందరు అన్నారు. కానే కాదు. మర్రిగూడ, మునుగోడు వైపు నేల కింది గ్రానైటు రాయిలోనే ఫ్లోరైడ్ ఉంది. అక్కడ మారాల్సింది నీళ్లు వచ్చే చోటు. అందుకే ఆ ఊళ్లు ఏళ్ల తరబడి కృష్ణా నీళ్ల కోసం కొట్లాడాయి.