హల్దీ అమెరికా నుంచి రాలేదండీ

మన పెళ్లిళ్ల మీద ఒక వ్యాసం చదివాను. అవి మారిపోవడానికి పాశ్చాత్య సంస్కృతే కారణమన్నారు వ్యాసకర్త గారు. కేకు కోయడం వరకైతే ఒప్పుకుంటాను. సంగీత్, మెహందీ, హల్దీ మాత్రం అమెరికావి కావు కదండీ! 1991 తర్వాత ఉపగ్రహ చానళ్లు ఇళ్లలోకి వచ్చాయి. 1995లో ఈటీవీ, జెమినీ కూడా మొదలయ్యాయి. హిందీ సినిమాల్లో, సీరియళ్లలో ఉత్తరాది పెళ్లిళ్లు చూసీ చూసీ పెళ్లంటే అదేననుకున్నాం. మిగతా పని రీల్స్ చేసిపెట్టాయి.

మొన్న మా మేనకోడలి హల్దీలో అందరికీ పసుపు బట్టలు, వెనకాల ప్లాస్టిక్ బంతిపూల తెర. మా అమ్మ నలుగుపిండి గిన్నె పట్టుకుని పాట ఎత్తుకుంటే, "అమ్మా, కాస్త పక్కకి జరగండి, ఫ్రేమ్‌లోకి వస్తున్నారు" అన్నాడు ఫొటోగ్రాఫర్. ఆవిడ స్తంభం పక్కన నిలబడి, గిన్నె వదలకుండా, పాట మాత్రం పూర్తిచేసింది. పసుపు దంచడం, నలుగు పెట్టడం, మంగళస్నానం మనకెప్పటినుంచో ఉన్నవే. పేరు మారేసరికి వాటిని చేయించే పెద్దావిడ ఫొటోకి అడ్డమైపోయింది. నాకు కోపం వచ్చింది అక్కడే.

అలాగని అంతా తిట్టలేను. డల్లాస్‌లో ఉన్న మా తమ్ముడి కుటుంబం యూట్యూబ్ లైవ్‌లోనే పెళ్లి చూసింది. మర్నాడు వాడి కూతురు వీడియో కాల్ చేసి, "నానమ్మా, ఆ పాట మళ్లీ పాడవా, రికార్డ్ చేసుకుంటా" అంది. అమ్మ మూడు చరణాలు పాడి, నాలుగోది గుర్తురాక, మా పిన్నికి ఫోన్ కలపమంది.