చదువుకునే పిల్లలను సీజన్ మధ్యలో ట్రేడ్ చేయడం ఆపాలి

జనవరి 8వ తేదీ సాయంత్రం, మా ఇంట్లో ఉంటున్న పదిహేడేళ్ళ అబ్బాయికి ఐస్ హాకీ క్లబ్బు నుంచి ఫోన్ వచ్చింది. అతను వంటగది బల్ల దగ్గర కూర్చుని పన్నెండో తరగతి గణితమైన ప్రీ-కాల్క్యులస్ 30 లెక్కలు చేసుకుంటున్నాడు, నేను పక్కనే పొయ్యి మీద అరిసెల పాకం చూస్తున్నాను. రెండు నిమిషాలు కూడా మాట్లాడలేదు. ఫోన్ పక్కన పెట్టి, పెన్సిల్ ఇంకా చేతిలోనే ఉండగా, తనను ట్రేడ్ చేశారని, అంటే బేరం కుదుర్చుకుని వేరే జట్టుకు ఇచ్చేశారని, మర్నాడు పొద్దున్నే బయలుదేరమన్నారని చెప్పాడు. కెనడాలోని మా సస్కాచెవాన్ రాష్ట్రంలో పన్నెండో తరగతి మొదటి సెమిస్టర్ పరీక్షలు జనవరి చివర్లో జరుగుతాయి. అంటే పరీక్షలకు పట్టుమని మూడు వారాలు కూడా లేవు. ఆ రాత్రి పాకం ముదిరిపోయింది. పొయ్యి కట్టేసి, ఇద్దరం కలిసి అతని బట్టలు సర్దాం.

ఈ ఆట గురించి మన వాళ్ళలో చాలామందికి తెలియదు కనుక కాస్త వివరంగా చెబుతాను. సస్కాచెవాన్ జూనియర్ హాకీ లీగ్ కెనడాలోని జూనియర్ ఏ స్థాయి లీగుల్లో ఒకటి. 16 నుంచి 20 ఏళ్ళ వయసు వాళ్ళు ఆడతారు, జీతం ఉండదు. సెప్టెంబరులో మొదలై మార్చి దాకా ఒక్కో జట్టు యాభైకి పైగా మ్యాచ్‌లు ఆడుతుంది, ఆ తర్వాత విజేతను తేల్చే ప్లేఆఫ్స్. జట్లన్నీ చిన్న పట్టణాలవే. ఉత్తరాన అడవుల్లో లా రాంజ్, దక్షిణాన అమెరికా సరిహద్దుకు దగ్గరలో ఎస్టెవాన్, పొరుగు రాష్ట్రమైన మానిటోబాలో ఫ్లిన్ ఫ్లాన్. లా రాంజ్ నుంచి ఎస్టెవాన్‌కు వెళ్ళాలంటే 800 కిలోమీటర్లకు పైగా బస్సులో ప్రయాణం చేయాలి. మైనస్ ముప్పై చలిలో, మంచు పేరుకున్న రోడ్ల మీద, రాత్రి మ్యాచ్ ముగించుకుని తెల్లవారుజామున మూడింటికి ఊరు చేరి, మళ్ళీ ఎనిమిదిన్నరకు బడిలో కూర్చునే పిల్లలను నేను ఈ సీజనంతా దగ్గరుండి చూశాను.

ఊరు కాని ఊరి నుంచి వచ్చే ఈ పిల్లలను స్థానిక కుటుంబాలు తమ ఇళ్ళలో ఉంచుకుంటాయి. వాటిని బిల్లెట్ కుటుంబాలు అంటారు. క్లబ్బు తిండి ఖర్చులకు నెలకు కొంత సొమ్ము ఇస్తుంది, కానీ పెరిగే వయసులో రోజుకు రెండు గంటలు మంచు మీద పరుగెత్తే పిల్లవాడి ఆకలికి ఆ సొమ్ము ఏ మూలకూ రాదని బిల్లెట్‌గా ఉన్న ప్రతి ఇల్లాలికీ తెలుసు. డబ్బు కోసం ఎవరూ ఈ పని చేయరు. మా ఇంట్లో గత ఆగస్టు నుంచి నేలమాళిగలోని గది అతనిది. ఫర్నేస్ పక్కన తీగ మీద ఆరేసిన ప్యాడ్లు, చేతి తొడుగుల నుంచి వచ్చే చెమట వాసన మా ఇంటి వాసన అయిపోయింది. మ్యాచ్ రోజున మధ్యాహ్నం కడుపునిండా తిని రెండు గంటలు నిద్రపోవడం వాళ్ళకు అలవాటు. ఆ పడుకునే వేళకు మా ఆరేళ్ళ అమ్మాయి బొమ్మలు తీసి పైగదికి వెళ్ళిపోయేది, అన్నయ్య పడుకున్నాడని వచ్చినవాళ్ళకు తనే చెప్పేది. ఆ పిలుపుకు అర్థం తెలిశాక అతను దాన్ని ‘చెల్లీ’ అని పిలవడం నేర్చుకున్నాడు. మొదట్లో పప్పు అంటే ముఖం తిప్పుకున్నవాడు నవంబరు వచ్చేసరికి అన్నంలో నెయ్యి ఎక్కువ వేయమని అడిగేవాడు.

ఇప్పుడు అసలు విషయం. జూనియర్ ఏ లీగుల్లో సీజన్ మధ్యలో ఆటగాళ్ళను మార్చుకోవడానికి గడువు జనవరి 10. ఆ లోపున జట్ల జనరల్ మేనేజర్లు ఒకరితో ఒకరు బేరాలు కుదుర్చుకుంటారు. ప్రకటన ఒకటి రెండు వాక్యాలు ఉంటుంది: ఫలానా సంవత్సరంలో పుట్టిన ఫార్వర్డును ఫలానా జట్టుకు ఇచ్చాం, బదులుగా ఆటగాడి అభివృద్ధి రుసుము, భవిష్యత్తులో తేల్చుకునే మరొక ప్రతిఫలం తీసుకున్నాం. ఆ భాష చదివిన ప్రతిసారీ నాకు సంతలో పశువుల బేరం గుర్తుకు వస్తుంది. 1983లో, మా లీగ్ కంటే పై స్థాయిదైన వెస్టర్న్ హాకీ లీగ్‌లో, సియాటిల్ బ్రేకర్స్ జట్టు టామ్ మార్టిన్ అనే కుర్రవాడి హక్కులను విక్టోరియా కూగర్స్‌కు ఇచ్చి, బదులుగా వాళ్ళ దగ్గరున్న పాత బస్సు తీసుకుంది. మార్టిన్ సొంత ఊరు విక్టోరియాయే, అక్కడ ఆడాలని అతనికీ ఉండేది, కాబట్టి ఆ మార్పు వల్ల అతనికి నష్టం జరగలేదు. అయినా నలభై ఏళ్ళు దాటినా ఆ సంగతిని హాకీ అభిమానులు సరదా కథలా చెప్పుకుంటూనే ఉన్నారు. నాకు ఏనాడూ నవ్వు రాలేదు, ఈ ఏడాది అసలే రాలేదు.

జనవరి 10 నాటికి బడి పిల్లవాడి పరిస్థితి ఏమిటో ఆ గడువు పెట్టినవాళ్ళు ఆలోచించారా అని నా సందేహం. మన వాళ్ళకు అర్థమయ్యేలా చెబుతాను. ఇంటర్ రెండో సంవత్సరం చదువుతున్న కొడుకును, సంక్రాంతి సెలవులకు ముందు రోజు, పబ్లిక్ పరీక్షలు తరుముకొస్తుండగా, మూడు వందల కిలోమీటర్ల అవతల ఉన్న మరో కాలేజీకి, తెలియని వాళ్ళ ఇంటికి, రాత్రికి రాత్రి పంపమంటే ఏ తల్లి ఒప్పుకుంటుంది? ఇక్కడ తల్లిని అడగరు. ఆమెకు కొడుకే ఫోన్ చేసి చెప్పుకున్నాడు. నేను ఆ గదిలోనే ఉన్నాను. అవతల ఆమె చాలాసేపు ఏమీ మాట్లాడలేదు, ఆ తర్వాత నాతో మాట్లాడతానని ఫోన్ నాకు ఇప్పించి, వాడు రాత్రి అన్నం తిన్నాడా అని అడిగింది.

అతను వెళ్ళిన పట్టణంలోని బడిలో ప్రీ-కాల్క్యులస్ 30 రెండో సెమిస్టర్‌లో చెబుతారట. మొదటి సెమిస్టర్‌లో నాలుగు నెలలు చదివిన పాఠాన్ని ఇక్కడి ఉపాధ్యాయురాలు తన సొంత సమయం వెచ్చించి, సాయంత్రాలు వీడియో కాల్‌లో పూర్తి చేయించారు. పరీక్ష కాగితాన్ని అక్కడి బడికి పంపించే ఏర్పాటు కూడా ఆవిడే చూసుకున్నారు. కొత్త జట్టు ఆ పరీక్షకు ముందు రోజు రాత్రి దూరపు ఊళ్ళో మ్యాచ్ ఆడింది. అతను బస్సులో తలపైనున్న చిన్న దీపం వెలుగులో చదువుకుని, పొద్దున వెళ్ళి రాశాడు. గణితంలో అప్పటిదాకా తొంభైకి తగ్గని పిల్లవాడికి ఆ పరీక్షలో అరవై ఎనిమిది వచ్చాయి. అమెరికా విశ్వవిద్యాలయాల్లో హాకీ ఉపకారవేతనం ఆశించే పిల్లవాడికి పన్నెండో తరగతి మార్కులు ఎంత ముఖ్యమో, ఆ ఆశ చూపి పిల్లలను జట్టులోకి ఆకర్షించే క్లబ్బులకు తెలియకపోవడం ఉండదు.

దీనికి ఎదురుగా వినిపించే వాదనలు నేను ఓపికగా విన్నాను. మా క్లబ్బు పెద్దమనిషి ఒకాయన, ఎన్నో ఏళ్ళుగా స్వచ్ఛందంగా టికెట్ల గది నడిపే మనిషి, నా దగ్గర కూర్చుని నిజాయితీగానే మాట్లాడారు. జట్టు గెలవకపోతే జనం రింక్‌కు, అంటే మంచు మైదానానికి, రారని, జనం రాకపోతే బస్సుకు డీజిల్ కూడా పోయించలేమని, ఇక్కడ ఆడే అవకాశం దొరకని పిల్లవాడికి మరో జట్టులో ఎక్కువసేపు మంచు మీద ఉండే అవకాశం వస్తుందని ఆయన అన్నారు. అందులో నిజం ఉంది. కొందరు పిల్లలు తామే అడిగి మారతారు, అలాంటివాళ్ళను ఆపమని నేను అనడం లేదు. చదువు పూర్తయిన పంతొమ్మిది, ఇరవై ఏళ్ళ యువకులను మార్చుకోవడం గురించి కూడా నాకు పెద్దగా అభ్యంతరం లేదు. కానీ ఈ స్థాయిలో జట్లలో ఎక్కువమంది పద్దెనిమిది దాటినవాళ్ళే. ఇంకా బడికి వెళ్ళే పిల్లలు ఒక్కో జట్టులో కొద్దిమందే ఉంటారు. ఆ కొద్దిమందిని జూన్ దాకా కదపకుండా వదిలేస్తే ఏ క్లబ్బూ మూతపడదు.

వృత్తి ఆటగాళ్ళ నేషనల్ హాకీ లీగ్‌లో కోట్ల డాలర్లు సంపాదించే పెద్దవాళ్ళకు సంఘం ఉంది, ఏజెంట్లు ఉన్నారు, తమ అనుమతి లేకుండా ట్రేడ్ చేయకూడదనే షరతును ఒప్పందంలో రాయించుకోగలిగిన సీనియర్లు ఉన్నారు. క్రిస్మస్ రోజుల్లో వాళ్ళ కుటుంబాలు చెదిరిపోకూడదని కొద్ది దినాలపాటు మార్పిడులనే ఆపేస్తారు. పెళ్ళాం పిల్లలున్న ముప్పై ఏళ్ళ మనిషికి ఇచ్చిన ఆ పాటి కనికరం, జీతం లేకుండా ఆడే పదహారేళ్ళ పిల్లవాడికి ఎందుకు ఇవ్వరు?

ఈ రాష్ట్రం ఈ పిల్లలను ఎలా చూసుకుంటుందో నాకు తెలియక కాదు. 2018 ఏప్రిల్ 6న ఇదే లీగ్‌లోని హంబోల్ట్ బ్రాంకోస్ జట్టు ప్లేఆఫ్ మ్యాచ్ కోసం నిపావిన్‌కు వెళుతుండగా, ఆర్మ్‌లీ దగ్గర కూడలిలో వాళ్ళ బస్సుకు ట్రక్కు అడ్డం వచ్చి 16 మంది చనిపోయారు, 13 మంది గాయపడ్డారు. చనిపోయినవాళ్ళలో పది మంది ఆటగాళ్ళు. ఆ వారం కెనడాలో ఇంటింటి ముంగిట హాకీ కర్రలు నిలబెట్టి, దీపాలు వెలిగించి ఉంచారు. కన్నవాళ్ళతో సమానంగా బిల్లెట్ తల్లిదండ్రులు కూడా ఆ దుఃఖాన్ని మోశారు. వెన్నెముక దెబ్బతిని మిగిలిన పిల్లలను ఆ ఊళ్ళు మర్చిపోలేదు. వాళ్ళంతా మా పిల్లలే అని ఈ రాష్ట్రం మొత్తం మనస్ఫూర్తిగా అన్నది, ఇప్పటికీ ప్రతి ఏప్రిల్‌లో అంటుంది. ఆ మాటను నేను నమ్ముతున్నాను కనుకనే జనవరిలో జరిగేది నాకు అంత బాధగా ఉంది.

పైగా ఈ సీజన్‌లో కుదుపు ఇంకా పెరిగింది. వెస్టర్న్ హాకీ లీగ్ లాంటి మేజర్ జూనియర్ లీగుల్లో ఆడినవాళ్ళు ఒకప్పుడు అమెరికా కాలేజీ హాకీకి అనర్హులు. ఆ నిబంధనను ఎత్తివేయాలని 2024 నవంబరులో నిర్ణయించారు, 2025 ఆగస్టు 1 నుంచి అది అమలులోకి వచ్చింది. పిల్లలకు దారులు పెరగడం మంచిదే. కానీ కాలేజీలో ఆడాలనుకునేవాళ్ళు జూనియర్ ఏ జట్లలోనే ఆగవలసిన అవసరం ఇప్పుడు లేదు, పై లీగు పిలిస్తే వెళ్ళిపోతున్నారు. ఆ ఖాళీని నింపుకోవడానికి కింది జట్లు ఒకదాని నుంచి మరొకటి పిల్లలను లాక్కుంటున్నాయి. మా అబ్బాయిని పంపిన రోజునే అతని స్థానంలోకి వచ్చిన మరో పదిహేడేళ్ళ పిల్లవాడు, రెండు సంచులు భుజాన వేసుకుని, రింక్ తలుపు దగ్గర ఏ కుటుంబం తనను తీసుకెళుతుందో తెలియక నిలబడి ఉండగా చూశాను. అతనికీ పరీక్షలు ఉన్నాయి.

ఈ లీగ్‌లో చాలా జట్లు ఊరివాళ్ళ సొత్తు, ఏ యజమానివీ కావు. మా జట్టూ అలాంటిదే. సభ్యత్వం తీసుకున్న ప్రతి ఒక్కరికీ సర్వసభ్య సమావేశంలో ఓటు ఉంటుంది. నేను ఒక తీర్మానం రాసి ఇచ్చాను: హైస్కూలు చదువు పూర్తికాని ఆటగాణ్ణి, అతను, అతని తల్లిదండ్రులు లిఖితపూర్వకంగా కోరితే తప్ప, సెప్టెంబరు నుంచి జూన్ వరకు మా జట్టు ఇవ్వకూడదు, మరొక జట్టు నుంచి తీసుకోకూడదు. రెండో భాగం వల్లే కొంత వ్యతిరేకత వస్తుందని నాకు తెలుసు. మన పిల్లవాణ్ణి పంపవద్దనడం తేలిక, పక్క ఊరి పిల్లవాణ్ణి తెచ్చుకోవద్దనడానికే మనసు రావాలి. ఇప్పటికి పదకొండు బిల్లెట్ కుటుంబాలు సంతకం చేశాయి. లెక్కల టీచరుగారు అందరికంటే ముందు చేశారు.

నేలమాళిగ గదిలో మరొకరిని పెట్టుకోమని క్లబ్బు ఫిబ్రవరిలో అడిగింది. తీర్మానం మీద ఓటింగ్ అయ్యాక చెబుతానన్నాను. అరిసెలు మళ్ళీ చేసి అతనికి పార్సిల్ పంపాను. అందినట్టు వచ్చిన సందేశంలో, చెల్లిని మార్చిలో వాళ్ళ ఆఖరి మ్యాచ్‌కు తీసుకురమ్మని రాశాడు. ఆ మ్యాచ్ మా జట్టుతోనే. మా అమ్మాయి ఏ జట్టు జెర్సీ వేసుకోవాలో ఇంకా తేల్చుకోలేదు.