నాలుగున్నరకి లేవమన్న సెమినార్ గారికి

అయ్యా సక్సెస్ సెమినార్ గారూ,

నమస్కారం. మొన్న ఆదివారం మధ్యాహ్నం మా ఆఫీసు మొత్తాన్నీ బైపాస్ రోడ్డు పక్కన హోటల్ ఏసీ హాల్లో కూర్చోబెట్టి మాకు విజయం నేర్పించినందుకు మీకు రుణపడి ఉన్నాం. రావడం రాకపోవడం మా ఇష్టమే అన్నారు, రానివాళ్ళ పేర్లు మాత్రం హెచ్ఆర్ రాసుకుంటదన్నారు. రెండింటికి మొదలన్న ప్రోగ్రాం మూడుమ్ముప్పావుకి మొదలైంది, మొదటి టాపిక్ టైమ్ మేనేజ్‌మెంట్. దాని గురించి నేనేం అనను. భోజనంలో సాంబారు గురించీ అనను. ఐదువందలు తీసుకుని ఇచ్చిన సర్టిఫికెట్‌లో నా ఇంటిపేరు తప్పు పడింది, పోనీలెండి, దాన్ని యాడా చూపించేది లేదు.

నాకు కడుపు మండింది ఒకే ఒక్క మాటకి. పొద్దున నాలుగున్నరకి లేవండి, సక్సెస్ మీ తలుపు కొడుతుంది అన్నారు చూడండి, దానికి.

తిరుపతిలో నిలబడి ఆ మాట అనడానికి నోరెట్లా వచ్చింది సామీ? మా ఊర్లో నాలుగున్నరకి లేచినోడిని లేటుగా లేచాడంటారు. తెల్లారగట్ట మూడింటికి బస్టాండు కాడికి రండి. కొండకి పోయే బస్సు డ్రైవరు అప్పటికే స్టీరింగ్ ముందర ఉంటాడు, టీ బంకులో రెండో విడత పాలు పొంగుతా ఉంటాయి, పూలమ్మే అవ్వ మూరలు కొలిచి బుట్టలో సర్దుకుంటా ఉంటాది. కల్యాణకట్టలో గుండ్లు కొట్టేవాళ్ళకి రాత్రి పగలు తేడానే లేదు, షిఫ్టులే. వీళ్ళ తలుపు సక్సెస్ ఇంకా ఎందుకు కొట్టలేదో, స్టేజి ఎక్కి మాకు క్లాసు పీకిన మీ సారుని కనుక్కుని చెప్పండి. ఆ మాటకొస్తే కొండ మీద స్వామివారికే మూడింటి ప్రాంతంలోనే సుప్రభాతం పాడేస్తారు, ఆయనే ఇంకా కుబేరుడి అప్పుకి వడ్డీ కడతానే ఉండారు.

మధ్యలో మీ సారు ఒక పరీక్ష పెట్టారు, గుర్తుందా. "ఐదు లోపల లేచేవాళ్ళు చెయ్యెత్తండి" అన్నారు. అంత హాల్లో ముగ్గురో నలుగురో ఎత్తారు. నేను ఎత్తలా, మున్సిపాలిటీ నీళ్ళ కోసం లేచేది ఇందులో లెక్కకొస్తుందో రాదో తెలీక. సారు తల అడ్డంగా ఊపి "అందుకే మీరు కింద కూర్చున్నారు, నేను స్టేజి మీద ఉన్నా" అన్నారు. సరిగ్గా అప్పుడు మా వెనకాల గోడకి ఆనుకుని ఒక పిల్లోడు టీ ట్రే పట్టుకుని నిలబడుండాడు. పొట్టైపోయి మణికట్టు దాకా కూడా రాని యూనిఫాం చొక్కా, కప్పులు ఒలక్కుండా రెండు చేతులా గట్టిగా పట్టుకునుండాడు. టీ ఇస్తుంటే అడిగా, ఎన్నింటికి లేచావు నాయనా అని. మూడుకి మేడం, ఇడ్లీల పని ఉంటాది అన్నాడు. మరి చెయ్యెత్తలేదే అంటే నవ్వి ట్రే చూపించాడు.

ఇంతటితో ఆగుంటే ఈ ఉత్తరం రాసేదాన్ని కాదు. తర్వాత సారు తన రొటీన్ చెప్పారు. నాలుగున్నరకి లేవడం, కాసేపు ధ్యానం, కాసేపు పుస్తకం, కాసేపు గోల్స్ రాసుకోవడం, ఆ గంటలో ఇంట్లో ఎవరూ కదిలించకూడదు, ఫోను లేదు, మాట లేదు. "మా మిసెస్ ఎంత సపోర్ట్ అంటే, నేను లేచేసరికి వేడి కాఫీ రెడీగా ఉంటుంది" అన్నారు. హాలంతా చప్పట్లు. నా బుర్ర అక్కడే ఆగిపోయింది. నాలుగున్నరకి చేతిలో కాఫీ ఉండాలంటే ఆమె ఎన్నింటికి లేవాల? డికాక్షన్ దిగాల, పాలు కాగాల, ఎంత లేదన్నా నాలుగింటికి లేచుండాల. మీ లెక్క ప్రకారం ఆమె సారుకన్నా అరగంట ఎక్కువ సక్సెస్. మరి ఆమె ఫ్లెక్సీ యాడ? ఆమె పేరన్నా చెప్పారా? ఆ గంటలో పిల్ల లేచి ఏడిస్తే ఎవరు ఎత్తుకున్నారు, మిక్సీ చప్పుడు ధ్యానానికి అడ్డమొస్తుందని చట్నీ ఎప్పుడు రుబ్బుకుందో, డబ్బాలు ఎప్పుడు కట్టిందో ఆ చప్పట్లు కొట్టినోళ్ళలో ఒక్కరన్నా ఆలోచించారా? నేనూ నాలుగున్నరకే లేస్తా సామీ. నాకు దొరికే ఏకాంతం కుళాయి కింద బిందె నిండేదాకా, అంతే.

జీరో నించి మొదలుపెట్టా అని కూడా అన్నారు. కాసేపటికి వేరే కథలో నోరు జారి, మా మామగారి మూడంతస్తుల బిల్డింగ్‌లో ఫస్ట్ బ్రాంచి పెట్టినప్పుడు అన్నారు. మూడంతస్తుల సున్నా నేను ఇంతవరకు చూడలా.

ఇంటికొచ్చినా కోపం తగ్గక ఫోన్లో వెతుకుతా కూర్చున్నా. ఏదైనా 10,000 గంటలు సాధన చేస్తే ఎవరైనా పైకొస్తారని సారు గుండెలు బాదుకుని చెప్పిన లెక్క 1993లో ఆండర్స్ ఎరిక్సన్ అనే సైకాలజిస్టు, ఆయన తోటివాళ్ళు బెర్లిన్‌లో వయొలిన్ నేర్చుకునేవాళ్ళ మీద చేసిన స్టడీ నించి పుట్టింది. బాగా వాయించేవాళ్ళు 20 ఏళ్ళు వచ్చేసరికి సగటున అన్ని గంటలు సాధన చేసుంటారని అందులో ఉండాది గానీ, అంత చేస్తే ఎవరైనా పైకొచ్చేస్తారని లేదు. అదే పేపర్లో సారు మింగేసిన ముక్క ఇంకోటి ఉండాది. ఆ బాగా వాయించేవాళ్ళు మ్యూజిక్ టీచర్ కోర్సు వాళ్ళకన్నా జాస్తి నిద్రపోయేవాళ్ళంట, మధ్యాహ్నం కునుకు కూడా తీసేవాళ్ళంట. మరి ఆదివారం నా కునుకు ఎవరు ఎత్తుకుపోయారు?

మా మామయ్యకి బంగారుపాళ్యం పక్కన తోతాపురి మామిడి తోట. 2025 సీజన్లో కిలోకి గుజ్జు ఫ్యాక్టరీ 8 రూపాయలు, ప్రభుత్వం 4 రూపాయలు, మొత్తం 12 అని ప్రకటించారు, గేటు ముందర ట్రాక్టర్ల వరస మాత్రం కదల్లా. ఆయన అసలు పడుకుంటే కదా లేచేదానికి, ట్రాక్టరు కింద గోనెసంచి పరుచుకుని పైన కాయ మెత్తబడే వాసన పీలుస్తా కూర్చున్నాడు. అంతకుముందు ఏడాది గుజ్జే అమ్ముడుపోక లోపల డ్రమ్ముల్లో ఉంటే, ఈయన మైండ్‌సెట్ మార్చుకుంటే ధర పెరుగుతాదా?

ఎవరు ముందుకు పోతారో, ఎట్లా పోతారో తిరుపతోళ్ళకి ఒకరు చెప్పాల్నా? వైకుంఠం క్యూ కాంప్లెక్స్ కాడికి పోయి చూడండి. సర్వదర్శనం కంపార్ట్‌మెంట్లో చంటిబిడ్డతో కూర్చున్నామె ఎప్పుడో వచ్చుంటాది, 300 రూపాయల టికెట్టోడు ఆమెకన్నా ముందు బయటపడతాడు, సిఫారసు లెటర్ తెచ్చుకున్నోడు ఇద్దరికన్నా ముందు బయటికొచ్చి లడ్డు తింటా "దర్శనం బ్రహ్మాండంగా అయింది, అంతా స్వామి దయ" అంటాడు. స్వామి దయ సరే, లెటర్ ఎవరిచ్చారో అది చెప్పు ముందు.

నా ఉద్యోగమే తీసుకోండి. రేణిగుంట బస్సులో రోజూ పక్క సీట్లో కూర్చునే అక్క, పేరు కూడా సరిగ్గా తెలీదప్పుడు, మా ఆఫీసులో అకౌంట్స్‌లో ఖాళీ ఉండాది, రేపే ఆఖరు అని చెప్పింది. మా చుట్టాల్లో ఒక్కరికీ తెలీని సంగతి. 1973లోనే మార్క్ గ్రానొవెటర్ అనే అమెరికా సోషియాలజిస్టు ఇదే రాశాడంట, తెలిసినోళ్ళ ద్వారా ఉద్యోగం దొరికినోళ్ళని అడిగితే, చాలామందికి ఆ కబురు దగ్గరివాళ్ళ నించి రాలేదంట, అప్పుడప్పుడు కనిపించే పరిచయస్తుల నించే వచ్చిందంట. నేను కష్టపడలేదా అంటే పడ్డా. బీకాం ఊరికే రాలేదు, పని రాకపోతే మూడో నెలే ఇంటికి పంపేసేవాళ్ళు, అదీ నిజమే. కానీ మా బ్యాచ్‌లో నాకన్నా బాగా చదివే పిల్ల ఉండింది, నాకు ట్యాలీ నేర్పించిందే అది. డిగ్రీ అవ్వంగానే పెళ్ళి చేసి పంపించేశారు. దానికి ఆ బస్సు లేదు, ఆ అక్క లేదు. దాని ఎదురుగా నిలబడి, నాలుగున్నరకి లేవలేదు కాబట్టే నువ్విట్లా ఉండావు అని చెప్తావా నువ్వు? మైకు లేకుండా చెప్పే ధైర్యం ఉండాదా నీకు?

జీతం పెంచమంటే బడ్జెట్ లేదనే మా మేనేజ్‌మెంట్ నిన్ను మాత్రం ఏసీ హాలు పెట్టి ఎందుకు పిలిపిచ్చిందో నాకిప్పుడు తెలిసింది. జీతం పెరక్కపోతే తప్పు మా అలారానిది అని మా చేతనే ఒప్పిచ్చేదానికి. దానికి మా దగ్గరే ఐదువందలు!

వచ్చే నెల లెవెల్ టూ అని వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పడింది, ముందుగా కడితే డిస్కౌంట్ అంట. వస్తా, ఒకటే షరతు. సారుని ఇంట్లో ఉంచి ఆ కాఫీ పెట్టే అమ్మని పంపించు. స్టేజి మీద కుర్చీ వేసి ఆమెకి కాఫీ మేమే తెచ్చిస్తాం. ఇల్లంతా నిద్రపోతా ఉండే ఆ అరగంటలో ఒక్కతే స్టవ్ ముందర నిలబడి ఆమె ఏమనుకుంటాదో చెప్తే చాలు, డిస్కౌంట్ కూడా వద్దు, పూర్తి ఫీజు కట్టి ముందు వరసలో కూర్చుంటా.

ఇట్లు,
అకౌంట్స్ సెక్షన్ నించి,
తిరుపతి