దాడి ఆట గళ్లు చెక్కిన రాయిని వదిలేశారేంటి?

మీ వ్యాసంలో, న్యూయార్క్ నగరం మన్‌హట్టన్‌లో బ్రాడ్‌వే రోడ్డు పక్కనే డైక్‌మన్ ఫామ్‌హౌస్ అనే 1785 నాటి రైతు ఇల్లు మ్యూజియంగా మిగిలి ఉందని రాశారు, బాగుంది. కానీ అసలైనవి రెండు వదిలేశారు. ఒకటి, కింద నేలమాళిగలో చలికాలం వంటగది ఉంది కదా, అక్కడ బండ మీద ఎవరో దాడి ఆట గళ్లు చెక్కారు! అవే మూడు చదరాలు, అవే అడ్డగీతలు, మా అమ్మమ్మ వాళ్లింట్లో అరుగు మీద సుద్దతో గీసుకుని చింతపిక్కలతో ఆడేవాళ్లం, అచ్చం అదే.

రెండోది చిన్న విషయం కాదు. 1915లో డైక్‌మన్ వంశపు అక్కచెల్లెళ్లిద్దరూ ఇల్లు కొని, బాగుచేయించి, మరుసటి ఏడాది నగరానికి ఇచ్చేశారని మెచ్చుకున్నారు, మెచ్చుకోవాల్సిందే, మన హైదరాబాద్ పాతబస్తీలో అయితే దేవిడీలు, అంటే నవాబుల కాలం నాటి పెద్ద భవనాలు, వారసుల పంపకాల్లో ముక్కలై చివరికి షాపింగ్ కాంప్లెక్సులు అవుతున్నాయి. కానీ ఆ పొలంలో, ఆ వంటింట్లో బానిసలు కూడా పనిచేశారు. న్యూయార్క్‌లో బానిసత్వం పూర్తిగా రద్దయింది 1827లోనే. ఈ మధ్య ఆ మ్యూజియం వాళ్లే పాత రికార్డులు తవ్వి మరీ ఆ మనుషుల గురించి చెబుతుంటే, మీ వ్యాసంలో ఒక్క లైను కూడా లేదు. గోడల్లో రాయి ఎంత, ఇటుక ఎంత అని ఇంత వివరంగా రాసినవాళ్లకు అది కనిపించలేదా? ఇక్కడి దొరల గడీల మీద రాసేవాళ్లూ ఇంతే అనుకోండి, దర్వాజా చెక్కడాల గురించి పేజీలకు పేజీలు, వెట్టి చేసినవాళ్ల ఊసే ఉండదు.